హృదయనాదము – శ్రవణభక్తి

భక్తి తొమ్మిది విధములని భాగవతము బోధించుచున్నది. ఆ తొమ్మిదింటిలో మొదటిది శ్రవణము. కీర్తనము, స్మరణము, అర్చనము మున్నగునవి అన్నియు దాని వెనుకనే వచ్చును. భగవంతుని గూర్చి పలుకుటకు ముందు వినవలెను. ఆయనను తలచుటకు ముందు వినవలెను. ఆత్మను సమర్పించుటకు ముందును వినవలెను. పెద్దలు ఈ తొమ్మిదింటికి తొమ్మండుగురు భక్తులను ఉదాహరణముగా చూపుచు, శ్రవణమునకు పరీక్షిన్మహారాజును పేర్కొనిరి. మరణము ఏడు దినముల దూరమున నిలిచియుండగా విన్నవాడతడు. వినుటకు ఇంతటి ప్రాధాన్యమేల కలిగినది?

దీనికి నిత్యజీవితమే సాక్ష్యము. సంతలో కుండను కొను ఇల్లాలు దాని నునుపును, రంగును చూచి ఊరకుండదు. ఎడమచేత కుండను పైకెత్తి, కుడిచేతి వ్రేలిమెటికతో తట్టి చూచును. గట్టి కుండ ఖంగుమని మ్రోగును. కంటికి కానరాని బీట ఉన్న కుండ బొంగురుగా పలుకును. దేవునకు కొట్టదలచిన కొబ్బరికాయను భక్తుడు చెవి దగ్గర ఆడించి లోపలి నీటి చప్పుడు వినును. కన్ను పైభాగమును చూపగా, మూసియున్న వస్తువు లోపలి స్థితిని తెలుపునది చెవియే. కుండ విషయమున, కొబ్బరికాయ విషయమున పనికివచ్చిన ఈ ఉపాయము మానవదేహము విషయమునను పనికివచ్చునని వైద్యులు గుర్తించిన చరిత్ర మిక్కిలి మనోహరమైనది. శ్రవణభక్తిని అభ్యసింపగోరువారికి అందు పెక్కు పాఠములు కలవు.

శబ్దపరీక్ష

భారతీయ వైద్యమునకు ఈ భావన క్రొత్తది కాదు. నాడి, మూత్రము, మలము, నాలుక, శబ్దము, స్పర్శ, నేత్రములు, ఆకృతి అను ఎనిమిది స్థానములయందు రోగిని పరీక్షింపవలెనని ఆయుర్వేద సంప్రదాయము. శబ్దమునకు అందు ప్రత్యేకస్థానము కలదు. ప్రేవులలోని గుడగుడ, కీళ్లలోని చప్పుడు, కంఠస్వరములోని మార్పు చెవితో గ్రహింపవలసినవని చరకసంహిత పేర్కొనినది. తెలుగునాట వైద్యులు తరతరములుగా ఆదరించిన బసవరాజీయము నాడీపరీక్షకు అగ్రస్థానమిచ్చినది. నాడి చూచుటయు ఒక విధముగా వినుటయే. అచ్చట వ్రేళ్లకొనలే చెవులు.

పాశ్చాత్యదేశములందును ఇట్టి పరీక్ష ప్రాచీనకాలమునుండి కలదు. గ్రీసుదేశమున హిపోక్రటీసు సంప్రదాయమునకు చెందిన వైద్యులు రోగిని భుజములు పట్టి కుదిపి, రొమ్ములో చేరిన నీరు కదలు చప్పుడును వినెడివారు. తరువాత ఆ విద్య చాలవరకు మరుగునపడినది.

18వ శతాబ్దమున ఆస్ట్రియాలోని వియన్నా నగరమున లియోపోల్డ్ ఆవెన్‌బ్రుగ్గర్ అను వైద్యుడుండెను. ఆయన తండ్రి గ్రాట్స్ పట్టణమున సత్రము నడిపెడివాడు. పీపాలో ద్రవము ఎంతవరకున్నదో పైనుండి తట్టి తెలిసికొను పద్ధతిని ఆయన బాల్యమున అచ్చటనే చూచెనని చెప్పుదురు. గాలితో నిండిన ఊపిరితిత్తిపై రొమ్మును తట్టిన గుల్లని మ్రోత వచ్చును. నీరు చేరినచోట తట్టిన ఆ మ్రోత మొద్దుబారును. ఈ భేదమును పలు సంవత్సరములు పరిశీలించి ఆయన 1761లో ఒక చిన్న గ్రంథమును ప్రకటించెను. నాటి వైద్యులలో అత్యధికులు దానిని లక్ష్యపెట్టలేదు. నలుబదియేడు సంవత్సరముల తరువాత, 1808లో, పారిసు నగరమున ప్రసిద్ధుడైన కోర్విసార్ అను వైద్యుడు ఆ గ్రంథమును ఫ్రెంచిభాషలోనికి అనువదించి, తన వివరణను చేర్చి లోకమునకు చాటెను. మరుసటి సంవత్సరమే ఆవెన్‌బ్రుగ్గర్ పరమపదించెను.

కోర్విసార్ తలచియున్నచో ఆ విద్య తన కనుగోలేయని చెప్పుకొనవచ్చును. కాని ఆయన మరుగునపడిన పెద్దవాని మాటను విని, ఆ పెద్దవాని పేరుతోనే దానిని లోకమునకు అందించెను. సత్యమును పలికినవాని ఋణము ఎంత గొప్పదో, దానిని విని నిలిపినవాని ఋణమును అంతటిదే. సంప్రదాయమనగా ఇట్టి వినువారి వరుస.

కాగితపు గొట్టము

కోర్విసార్ వద్ద విద్య నేర్చినవారిలో రెనె లాయెనెక్ ఒకడు. ఫ్రాన్సులోని బ్రిటనీ ప్రాంతమున, కింపేర్ పట్టణమున 1781లో ఆయన జన్మించెను. పసితనముననే తల్లి గతించినది. వైద్యుడైన తండ్రి సోదరుడు ఆ బాలుని చేరదీసి, నాంత్ నగరమున విద్యాబుద్ధులు చెప్పించెను. లాయెనెక్ బక్కపలుచని మనిషి, తరచు అస్వస్థుడు, దైవభక్తి గలవాడు. వేణువు వాయించుట ఆయనకు ఇష్టమైన వ్యాపకము. నాదమునకు అలవడిన చెవి ఆయనకు ముందే సిద్ధమైయుండెను.

1816లో ఆయన పారిసులోని నెకర్ వైద్యశాలలో నియుక్తుడయ్యెను. ఆ సంవత్సరముననే హృద్రోగ లక్షణములు గల ఒక యువతి ఆయన వద్దకు వచ్చినది. ఆమె స్థూలకాయురాలగుటచే తట్టి చూచు పద్ధతి ఫలింపలేదు. రొమ్ముపై చెవి ఆనించి వినుట నాటి వైద్యులలో కొందరికి తెలిసినదే. కాని ఆమె వయస్సు, స్త్రీత్వము అందుకు అనుమతింపలేదు. అప్పుడాయనకు ఒక చిన్న సంగతి స్మరణకు వచ్చినది. పొడవైన దూలమునకు ఒక కొనను చెవి ఆనించి, రెండవ కొనను గుండుసూదితో గీకినచో ఆ గీకుడు స్పష్టముగా వినబడును. వెంటనే ఆయన ఒక దస్తా కాగితములను బిగువుగా చుట్టి గొట్టముగా చేసి, ఒక కొనను రోగి గుండెపై నుంచి, రెండవ కొనకు చెవి యొగ్గెను. చెవిని నేరుగా ఆనించినపుడు ఎన్నడును వినబడనంత స్పష్టముగా గుండెచప్పుడు వినబడినది.

ఆ తరువాత లాయెనెక్ చరకుపై కొయ్యను తరిణపట్టి, ఇంచుమించు ఒక అడుగు పొడవు గల గొట్టములను స్వయముగా తయారుచేసెను. వక్షస్థలము, పరీక్షించుట అను అర్థములు గల రెండు గ్రీకు పదములను కలిపి దానికి స్టెతస్కోపు అని పేరిడెను. రెండు చెవులతో విను స్టెతస్కోపును 1852లో న్యూయార్కు వైద్యుడు జార్జి కామన్ రూపొందించెను. నేడు వైద్యుల మెడలయందు కానవచ్చునది దాని సంతతియే.

ఈ వృత్తాంతమున గమనింపదగిన ధర్మసూక్ష్మము ఒకటి కలదు. ఆ గొట్టము మర్యాదనుండి పుట్టినది. పరస్త్రీ దేహమును గౌరవించి ఒక అడుగు దూరమున నిలిచిన వైద్యునకు, ఆ దూరమే అంతకుముందు ఎవ్వరికిని దక్కని సామీప్యమును ప్రసాదించినది. దేవాలయమునందు భక్తుడు గర్భగుడి గడపకు ఇవతల నిలుచును. ఆ గడపను దాటలేదని చింతింపనక్కరలేదు. వినయముతో నిలిచిన దూరము భగవంతునకు భక్తుని ఎడము చేయజాలదు.

మౌనమునందలి శ్రమ

లాయెనెక్ ఆ గొట్టమును కనుగొనినంతమాత్రమున విద్య పూర్తి కాలేదు. సుమారు మూడు సంవత్సరములు ఆయన రోగుల పడకల ప్రక్కన వినుచు గడపెను. విన్న ప్రతి ధ్వనిని వ్రాసికొనెను. రోగి మరణించినపుడు శవపరీక్షచేసి, తాను విన్న ధ్వనికిని లోపలి అవయవముల స్థితికిని గల సంబంధమును పోల్చి చూచెను. తాను ఊహించినది తప్పైనచోట దిద్దుకొనెను. 1819లో తన పరిశోధనను రెండు సంపుటములుగా ప్రకటించెను.

ఆ వర్ణనలు వంటయింటికిని, పశువుల దొడ్డికిని చెందినవిగా ఉండును. ఊపిరితిత్తిలో వాపు మొదలైనపుడు విను చిటపట శబ్దమును ఆయన వేడిపాత్రలో ఉప్పు చిట్లు చప్పుడుతో పోల్చెను. ఊపిరితిత్తి చుట్టు నీరు చేరినపుడు రోగి మాట గొట్టములో మేక అరపువలె వణకుచు వినబడునని చెప్పెను. ఆరోగ్యవంతుని శ్వాస మెల్లని గాలి సవ్వడివలె నుండును. గుండె ఒక్కొక్క స్పందనమునకు రెండు ధ్వనులు చేయును. గుండెలోని గదుల నడుమ గల కవాటములు మూసికొనునపుడు మొదటి ధ్వనియు, గుండెనుండి బయటికి పోవు మహానాళముల ముఖముననున్న కవాటములు మూసికొనునపుడు రెండవ ధ్వనియు కలుగునని తరువాతి వైద్యులు నిర్ణయించిరి. కవాటము ఇరుకైనను, సరిగా మూసికొనకున్నను రక్తము సుడులు తిరిగి ఒక మర్మరధ్వని పుట్టును.

వేదాంతశాస్త్రము శ్రవణము, మననము, నిదిధ్యాసనము అను మూడు మెట్లను బోధించినది. వినుట మొదటి మెట్టు. విన్నదానిని విచారించి పోల్చుకొనుట రెండవది. నిశ్చయమైన అర్థమునందు మనస్సును నిలుపుట మూడవది. లాయెనెక్ వేదాంతము చదివినవాడు కాడు. అయినను సత్యమును అన్వేషించు ఏ విద్యయందైనను మార్గము ఇదియే యగుట ఆయన జీవితమున కానవచ్చును. ఒక్కసారి విన్నంతనే అంతయు తెలిసినదనుకొనువాడు ఏ విద్యకును అర్హుడు కాడు.

వైద్యుడు రోగి రొమ్ముపై స్టెతస్కోపు నుంచినపుడు, మాటలాడవద్దని సైగచేసి, శ్వాస పీల్చుమనును. ఆ నిమిషమున తానును మాటలాడడు. గదిలోని సందడిని మానుమనును. కొందరు కన్నులు మూసికొందురు. ఎదుటివాని గుండె పలుకు మెల్లనిది. తన లోపలి సందడిని అణచుకొనినవానికే అది వినబడును.

హరికథ జరుగుచున్న మంటపమును చూచినచో ఈ మౌనము ఎంత దుర్లభమో తెలియును. ఒకడు పక్కవానితో పొలము తగవు చెప్పుచుండును. మరియొకడు గడియారము చూచుచుండును. ఇంకొకడు కథకుడు రాగము తప్పెనా యని పరీక్షించుచుండును. నోరు మూసికొని కూర్చున్నవాడును, ఇంటికి పోయి ఎవరికి ఏమి చెప్పవలెనో తలపోయుచుండును. వారందరి చెవులలో శబ్దము పడుచున్నది గాని శ్రవణము జరుగుట లేదు. స్టెతస్కోపు మెడలో వేసికొనిన ప్రతివాడును వైద్యుడు కానట్లే, కథాస్థలమున కూర్చున్న ప్రతివాడును శ్రోత కాడు.

గర్భమునందలి నాదము

లాయెనెక్ విద్యను అనుసరించినవారిలో కెర్గరడెక్ అను వైద్యుడొకడు. 1821లో ఆయన గర్భిణీస్త్రీల ఉదరముపై స్టెతస్కోపు నుంచి వినుచు, తల్లి నాడికంటె ఎంతో వేగముగా కొట్టుకొనుచున్న మరియొక గుండె సవ్వడిని గుర్తించి వైద్యలోకమునకు తెలిపెను. తల్లి కడుపులోని శిశువు సజీవముగా నున్నదని చెవితో నిర్ధారించు మార్గము అట్లు స్థిరపడినది. కడుపులోని బిడ్డయు వినునని నేటి వైద్యులెరుగుదురు. గర్భము చివరి మాసములలో శిశువు వెలుపలి శబ్దములకు కదలును. తల్లి కంఠధ్వని దానికి అప్పటికే పరిచితమగును.

ఈ సంగతి చదివిన భక్తులకు ప్రహ్లాదుని కథ జ్ఞప్తికి రాక మానదు. హిరణ్యకశిపుడు తపస్సునకు పోయినవేళ, అతని భార్యను నారదమహర్షి తన ఆశ్రమమున నుంచుకొని భాగవతధర్మమును ఉపదేశించెను. ఆమె కాలక్రమమున మరచినను, గర్భమున నున్న ప్రహ్లాదుడు మరువలేదు. పురాణమునకు వైద్యశాస్త్రము సాక్ష్యము పలుకవలసిన అవసరము లేదు. పురాణమును చూపి వైద్యమును నిర్ణయించుటయు తగదు. పురాణము చెప్పదలచినది వేరు. కన్ను తెరువకముందు, మాట రాకముందు, నడక నేర్వకముందు జీవుడు చేయగల మొదటి ఉపాసన శ్రవణము. ఇంటిలో పలుకబడు ప్రతి మాటకును, పుట్టబోవు వారితో సహా, శ్రోతలు కలరని తెలిసి గృహస్థులు పలుకవలెను.

వైద్యుని వ్యాధి

లాయెనెక్ అందరికంటె శ్రద్ధగా విన్న వ్యాధి క్షయ. రోగి రొమ్ములో క్షయవలన ఏర్పడిన గుల్లను ధ్వనినిబట్టి గుర్తించుట లోకమునకు నేర్పినవాడాయన. తుదకు ఆయనను కబళించినది ఆ వ్యాధియే. 1826లో తన గ్రంథము రెండవ కూర్పును సిద్ధపరచుచు ఆయన మిక్కిలి కృశించెను. ఆ నిడుపాటి కొయ్యగొట్టముతో తన రొమ్మును తానే వినుట సులభము కాదు. ఆయన తన వద్ద వైద్యము నేర్చిన మెరియాడెక్ అను బంధువును పిలిచి తన రొమ్మును వినుమనెను. ఆ యువకుడు విన్నదానిని వర్ణించెను. ఆ వర్ణనకు అర్థమేమో లోకమున లాయెనెక్ కంటె బాగుగా తెలిసినవాడు లేడు. ఆయన పారిసును విడిచి స్వస్థలమైన బ్రిటనీకి చేరి, 1826 ఆగస్టు 13వ తేదీన కన్నుమూసెను. అప్పటికి ఆయన వయస్సు 45 సంవత్సరములు. తన స్టెతస్కోపును మెరియాడెక్‌కే అప్పగించి పోయెను.

ఇచ్చట ఒక కఠినమైన ప్రశ్న ఉదయించును. క్షయకు కారణమైన సూక్ష్మజీవిని రాబర్ట్ కాక్ కనుగొనినది 1882లో. ఆ వ్యాధిని జయింపగల మొదటి ఔషధమగు స్ట్రెప్టోమైసిన్ లభించినది 1943లో. కాగితపు గొట్టమునకును ఆ మందునకును నడుమ 127 సంవత్సరములు గడచినవి. అంతకాలము వైద్యులు రొమ్ములో మృత్యువు సవ్వడిని వినగలిగిరి గాని దానిని ఆపలేకపోయిరి. మాన్పలేని రోగమును వినుటవలన ప్రయోజనమేమి?

లౌకికమైన సమాధానము ఒకటి కలదు. రోగమును సరిగా గుర్తింపనిదే దాని మందును వెదకుటకు వీలు లేదు. మదనపల్లె సమీపమున ఆరోగ్యవరము క్షయవైద్యశాల 20వ శతాబ్దపు రెండవ దశకమున వెలసినపుడును మందు లేదు. మంచి గాలి, విశ్రాంతి, పుష్టికరమైన ఆహారము, క్రమము తప్పక రొమ్మును విను వైద్యుడు, ఇవియే నాటి చికిత్స. లోకము అంటరానివారుగా చూచిన రోగుల చెంతకు పోయి, వారి రొమ్ములకు చెవి యొగ్గినవారుండిరి. మందు వచ్చునంతవరకు రోగిని విడువక వినియున్న ఆ వైద్యుల ఓర్పుపైననే తరువాతి చికిత్స నిలిచినది.

ఆధ్యాత్మికమైన సమాధానమును పరీక్షిత్తు చరిత్రమునందు వెదకవలెను. వేటలో దప్పిగొనిన ఆ రాజు శమీకమహర్షి ఆశ్రమమున నీరు కోరెను. సమాధియందున్న ముని పలుకలేదు. ఆ మౌనమును రాజు అర్థము చేసికొనలేక, అవమానముగా తలచి, చచ్చిన పామును ముని మెడలో వేసెను. మునికుమారుడు శృంగి కోపించి, ఏడవ దినమున తక్షకుని విషముచే మరణింతువని శపించెను. వినలేని దోషమువలన వచ్చిన ఆపద అది. రాజు శాపమును మరలింపుమని ఎవ్వరిని ప్రార్థింపలేదు. విషమునకు మందు వెదకుచు ఆ ఏడు దినములను వ్యర్థపుచ్చలేదు. రాజ్యమును కుమారునకు అప్పగించి, గంగాతీరమున కూర్చుండి, మరణించువాడు వినదగినదేమి యని శుకయోగిని అడిగెను. తరువాత వినెను. తక్షకుడు వచ్చినాడు, దేహము దగ్ధమైనది, శాపము శాపముగానే ఫలించినది. కాని భయము తక్షకునికంటె ముందే ఆ రాజును విడిచిపోయినది.

కావున శ్రవణము మృత్యువును ఆపు మంత్రమని శాస్త్రము చెప్పలేదు. చికిత్స చేతులు ముడిచికొనినచోట కూడ శ్రవణము తన పనిని మానదని చెప్పినది. జపతపములు చేసిన ఇంటికి జబ్బు రాదని భ్రమపడి, జబ్బు వచ్చినపుడు దేవుని దూషించువారు ఈ భేదమును గ్రహింపవలెను. రోగమునకు వైద్యుని ఆశ్రయింపవలెను, మందు వాడవలెను. అది భక్తికి లోపము కాదు. మందు పనిచేయని వేళ వచ్చినపుడు ఆత్మకు తోడుగా నిలుచునది వేరొకటి కలదు.

రోగి చుట్టును నున్నవారి ధర్మమును ఇందు ఇమిడియున్నది. మంచమున పడియున్న వృద్ధుని చూడవచ్చిన బంధువులు పండ్లు తెత్తురు, మందులు చెప్పుదురు, తమకు తెలిసిన వైద్యుని పేరు చెప్పుదురు, ధైర్యము చెప్పుదురు. అందరును చెప్పువారే. ఆ వృద్ధుడు మెల్లగా ఏదో చెప్పబోయినచో, అలసట చెందెదవు, మాటలాడకుమని వారింతురు. ఆయనకు చెప్పవలసినది ఒక పాత అప్పు గూర్చియో, విడిపోయిన తమ్ముని గూర్చియో, రాబోవు చీకటిని గూర్చిన భయమో కావచ్చును. మంచము ప్రక్కన పీట వేసికొని, ఏమియు బదులు చెప్పక, ఒక గడియ విన్నవాడు శుకుని ఎదుట కూర్చున్న పరీక్షిత్తు చేసిన తపస్సులో కొంత తానును చేసినవాడగును.

ఊహాయంత్రము

మనుష్యుని చెవి క్షణమునకు 20 మొదలు 20,000 కంపనముల వరకు గల ధ్వనులను మాత్రమే గ్రహించును. అంతకు మించిన ధ్వనులు ఉన్నను వినబడవు. 1953లో స్వీడనులోని లుండ్ నగరమున ఎడ్లర్, హెర్ట్స్ అను ఇద్దరు అట్టి అతిధ్వనులను గుండెపైకి పంపి, తిరిగివచ్చిన ప్రతిధ్వనిని పట్టి, గుండె కదలికను నమోదుచేసిరి. నేడు ఆసుపత్రులలో గుండె గదులను, కవాటములను తెరపై చూపు పరీక్ష దానినుండి వికసించినదే. వినబడనంతమాత్రమున శబ్దము లేదని చెప్పరాదనుటకు ఇది చాలును. దెబ్బ తగులుటచే పుట్టు నాదము ఆహతమనియు, దెబ్బ లేకయే హృదయమునందు నెలకొనియున్నది అనాహతమనియు యోగశాస్త్రము చెప్పును. యోగులు చెప్పిన ఆ నాదము యంత్రములకు అందు శబ్దము కాదు. రెంటిని ఒకటిగా చెప్పుట తప్పు. అయినను చెవికి ఒక హద్దు కలదని ఒప్పుకొనువాడు, ఆ హద్దునకు ఆవల నున్నదానియెడల వినయమును నేర్చును.

ఇట్టి యంత్రములలో ఇంకొకటి వచ్చినదని ఊహింపవచ్చును. దానిని రొమ్ముపై నుంచినచో కామము, క్రోధము, లోభము, మోహము, మదము, మాత్సర్యము అను ఆరు రోగములు వేర్వేరు ధ్వనులుగా వినబడుననుకొనవలెను. పట్టుపంచె కట్టి ప్రదక్షిణము చేయు ధనికుని హృదయమున అది ఏమి వినును? మెట్లవద్ద చేయి చాపి కూర్చున్న బిచ్చగాని హృదయమున ఏమి వినును? హుండీలో కానుక వేసి, చూచినవారెవరోయని వెనుకకు చూచిన భక్తుని గుండెలో మర్మరధ్వని లేకపోవునా? అట్టి యంత్రము గుడివాకిట నుంచినచో లోనికి పోవువారెందరు?

అట్టి యంత్రమును మనుష్యులు చేయలేదు. కాని దాని పనిని కొంతవరకు చేయునది ప్రతివానికి ఒకటి కలదు. అది వాని కంఠస్వరము. శబ్దపరీక్ష చేయమని ఆయుర్వేదము చెప్పినది రోగికే కాదు, భక్తునకును వర్తించును. అధికారితో మాటలాడునపుడు తేనెవలె నుండు గొంతు, పనిమనిషితో మాటలాడునపుడు ఎట్లు మారును? ధనవంతుడైన అల్లునితో పలుకు గొంతు, చెవుడు వచ్చి అడిగినదే అడుగు ముసలి తల్లికి బదులు చెప్పునపుడు ఎట్లుండును? ఆ మార్పు వేడిపాత్రలోని ఉప్పు చిట్లువంటిది. లోపల వాపు ఉన్నదని అది తెలుపుచున్నది. లాయెనెక్ అంతటివానికి తన రొమ్మును వినుటకు ఇంకొకని చెవి కావలసివచ్చినది. తన కంఠములోని దోషమును తాను వినలేనివాడు గురువునో, సత్పురుషునో, కడకు ఇంటిలోని ఇల్లాలినో అడిగి తెలిసికొనవలెను. చెప్పినవారిపై కోపింపకుండుటయే మొదటి మందు.

పరిపూర్ణముగా విను వైద్యుడు ఒక్కడే. విష్ణుసహస్రనామములలో వైద్యుడనియు, భిషక్కనియు, భేషజమనియు శ్రీహరికి నామములు కలవు. రోగమును తెలిసినవాడును, చికిత్సించువాడును, మందును తానే యని ఆ నామములకు తాత్పర్యము. మడుగులో మొసలి నోట చిక్కిన గజేంద్రుడు తన బలము ఉన్నంతవరకు పెనగులాడెను. బలము ఉడిగినపుడు మొరపెట్టెను. ఆ మొర వైకుంఠమునకు వినబడినది. ఉన్నవాడు ఉన్నట్లే స్వామి బయలుదేరెను. ఏనుగునకు శాస్త్రము రాదు, పూజావిధానము తెలియదు. దాని మొరలో కపటము లేకుండుటయే అర్హత. నడుమ ఏ గొట్టమును అక్కరలేని చెవి అది.

భక్తుడు సన్నిధికి వచ్చి కోర్కెలను విన్నవించుకొనుట సహజము. స్వామి విసుగుకొనడు. అయితే పలుకుటతోనే తన పని తీరినదని వెనుదిరుగరాదు. రోగి తన బాధలన్నియు చెప్పి, వైద్యుడు మందు వ్రాయకముందే లేచిపోయినచో రోగము కుదురదు. విన్నపము ముగిసిన తరువాత ఒక నిమిషము ఊరక నిలువవలెను. గుడిగంటను మ్రోగించినపుడు దాని నాదము సన్నగిలి నిశ్శబ్దమున లయించువరకు చెవి యొగ్గవలెను. ఇంటికి పోయిన పిదప, ఆ దినమున తన మాట వినుమని కోరిన వారిలో ఒక్కరి మాటనైనను అడ్డుపడక తుదివరకు వినవలెను. వారానికి ఒక దినమైనను భాగవతమునో, రామాయణమునో చదివించుకొని వినవలెను. నిరుపేదకును, నిరక్షరాస్యునకును, మంచము దిగలేని రోగికిని అందుబాటులో నున్న సాధన ఇది. అవసాన సమయమున ఇతరేంద్రియములు ఉడిగినను చెవి చాలసేపు మేలుకొనియుండునను విశ్వాసముతోనే పెద్దలు ఆ వేళ భగవన్నామమును చెవిలో పలుకు ఆచారమును నిలిపిరి. చివరివరకు తోడుండు ఆ ఇంద్రియమును మొదటినుండి సిద్ధపరచుకొనువాడు ధన్యుడు.

సర్వజీవుల హృదయములలో నుండి వారి మొరలను ఆలకించు శ్రీనివాసుడు, రోగులకు ఊరటను, వైద్యులకు ఓర్పును, భక్తులకు నిర్మలమైన శ్రవణశక్తిని ప్రసాదించుగాక!